ముందు మైకు, ఆ తర్వాతే కెమెరా

సంపాదకులకు,

నమస్కారం. షార్ట్ ఫిల్మ్‌లు, సొంత డబ్బుతో చిన్న సినిమాలు తీసే దర్శకులు కొందరు ఇప్పుడు టేబుల్‌టాప్ రోల్‌ప్లేయింగ్ ఆటలను లైవ్‌లో ప్రసారం చేసే పనిలోకి దిగుతున్నారు. సినిమా తెలిసినవాళ్లకు ఇదెంత పని అని చాలామంది అనుకుంటారు. సినిమా తెలిసి ఉండటం ఇక్కడ నిజంగానే పెద్ద ఆసరా. కాకపోతే సెట్‌లో అలవాటైన వరుస ఇక్కడ తిరగబడుతుంది. సెట్‌లో ముందు ఫ్రేము చూసుకుంటారు, మాట సరిగ్గా పడకపోతే డబ్బింగ్‌లో దిద్దుకుంటారు. ఇక్కడ నలుగురైదుగురు ఒక బల్ల చుట్టూ కూర్చుని మూడు గంటలు మాట్లాడుకుంటారు. ఆ మాటే మొత్తం ప్రదర్శన. డబ్బింగ్ లేదు, రెండో టేక్ లేదు. ఈ తేడా ముందే తెలిస్తే డబ్బు, శ్రమ సరైన చోట పెడతారని ఈ ఉత్తరం రాస్తున్నాం.

ఈ ఆట తెలియని పాఠకుల కోసం రెండు మాటలు. గేమ్ మాస్టర్ అనే ఒకరు లోకాన్ని, అందులోని పరిస్థితిని వర్ణిస్తారు. మిగతావాళ్లు తలా ఒక పాత్ర పట్టుకుని ‘నేనిప్పుడు ఇది చేస్తాను’ అంటారు. ఆ పని ఫలిస్తుందో లేదో తేలనప్పుడు పాచిక వేస్తారు. గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ రూపొందించిన ‘డంజన్స్ అండ్ డ్రాగన్స్’ 1974లో అచ్చయినప్పటి నుంచీ ఈ ఆటలు ఇళ్లలో సాగుతూనే ఉన్నాయి. చూసేవాళ్ల కోసం ఆడటం మాత్రం ఇంటర్నెట్ వచ్చాక ఊపందుకుంది. డబ్బింగ్ కళాకారుల బృందం ఒకటి ‘క్రిటికల్ రోల్’ పేరుతో 2015 మార్చిలో లైవ్ మొదలుపెట్టింది. 2019లో యానిమేషన్ కోసం అభిమానులను ఏడున్నర లక్షల డాలర్లు అడిగితే కోటీ పదమూడు లక్షలకు పైగా వచ్చాయి. 2022లో అది ప్రైమ్ వీడియోలో సిరీస్‌గా వచ్చింది. 2018లో మొదలైన ‘డైమెన్షన్ 20’ది వేరే దారి. వాళ్లు ఆటను ముందే షూట్ చేసి, ఎడిట్ చేసి విడుదల చేస్తారు. సినిమావాళ్లు గమనించాల్సింది ఈ రెండో దారిని. ఎందుకో తర్వాత చెబుతాం.

ముందు శబ్దం సంగతి. కొత్తగా మొదలుపెట్టేవాళ్లు బల్ల మధ్యలో ఒక ఖరీదైన మైకు పెడితే అందరి గొంతులూ వస్తాయనుకుంటారు. గొంతులు వస్తాయి, వాటితోపాటు గది ప్రతిధ్వని, కాగితాల గరగర, కుర్చీ కిర్రుమనడం అన్నీ వస్తాయి. పాచిక బల్ల చెక్కకు తగిలిన దెబ్బ స్టాండు గుండా మైకులోకి ఎక్కి, హెడ్‌ఫోన్ పెట్టుకున్నవాళ్ల చెవిలో మేకు కొట్టినట్టు పడుతుంది. అందుకని మనిషికో మైకు తప్పదు. కార్డియాయిడ్ డైనమిక్ మైకులు మేలు, వెనకవైపు నుంచి వచ్చే చప్పుడును బాగా తగ్గిస్తాయి. నోటికి 10 నుంచి 15 సెంటీమీటర్ల దూరంలో ఉండాలి. స్టాండును బల్లకు బిగించొద్దు, నేల మీద నిలబెట్టాలి. ఒకరి నోటికి మైకు 15 సెంటీమీటర్లలో ఉంటే, పక్కవాళ్ల మైకు కనీసం 45 సెంటీమీటర్ల ఎడంగా ఉండాలి. లేకపోతే ఒకే గొంతు రెండు మైకుల్లోకి రవ్వంత తేడాతో చేరి, కలిసినప్పుడు డబ్బాలోంచి మాట్లాడినట్టు వినిపిస్తుంది. ఈ లోపాన్ని తర్వాత ఏ సాఫ్ట్‌వేరూ పూర్తిగా తీయలేదు.

మైకులు పెరిగితే ఇంకో చిక్కు వస్తుంది. ఆరు మైకులు ఒకేసారి తెరిచి ఉంటే, ఒకటే ఉన్నప్పటికంటే గది చప్పుడు దాదాపు 8 డెసిబెల్‌లు పెరుగుతుంది. దీనికి చాలామంది నాయిస్ గేట్ పెడతారు. మనిషి మాట్లాడనప్పుడు అది మైకును మూసేస్తుంది. తెలుగులో మాట్లాడేవాళ్లకు ఇది తెచ్చిపెట్టే ముప్పు చిన్నది కాదు. మన వాక్యంలో అసలు సంగతంతా చివర ఉంటుంది, ఆ చివరకు వచ్చేసరికి గొంతు తగ్గుతుంది. ‘తలుపు తీశాడు’, ‘తలుపు తీశాడా’, ‘తలుపు తీయలేదు’ అనే మూడింటికీ తేడా ఆ ఆఖరి అక్షరాల్లోనే ఉంది. తొందరగా మూసుకునే గేటు సరిగ్గా వాటినే మింగేస్తుంది. ఆటగాడు లోపలికి వెళ్తానన్నాడో వెళ్లనన్నాడో చూసేవాళ్లకు తెలియదు. కాబట్టి గేటు మూసుకునే వ్యవధిని 300 మిల్లీసెకన్ల దాకా పెంచాలి. పూర్తిగా మూసే బదులు 10 డెసిబెల్‌లు మాత్రం తగ్గించే ఎక్స్‌పాండర్ అయితే ఇంకా మంచిది. మాట్లాడే మైకును పెంచి మిగతావాటిని ఆ మేరకు తగ్గించే ఆటోమిక్స్ సదుపాయం మిక్సర్‌లోనే ఉంటే గేటు ఊసే అక్కర్లేదు.

స్థాయిలు పెట్టేటప్పుడు మామూలు మాటను కొలతగా తీసుకోవద్దు. ఇరవై ముఖాల పాచిక మీద 20 పడితే బల్ల చుట్టూ అందరూ ఒక్కసారిగా అరుస్తారు. ఆ అరుపును రిహార్సల్‌లో నిజంగా అరిపించి చూడాలి. మామూలు మాట మైనస్ 18 డెసిబెల్‌ల దగ్గర, నవ్వులు మైనస్ 12 దగ్గర ఉండేలా పెట్టుకుని, శబ్దం అంతకు మించకుండా ఆపే లిమిటర్‌ను మైనస్ 3 దగ్గర పెడితే కేకలకు చోటు ఉంటుంది. శాంప్లింగ్ రేటు, అంటే సెకనుకు శబ్దాన్ని ఎన్నిసార్లు కొలుస్తారన్నది, అన్ని పరికరాల్లోనూ 48 కిలోహెర్ట్జ్ మీదే ఉండాలి. ఒకటి 44.1 మీద ఉండిపోతే చిటపటలు మొదలవుతాయి, లేదా మొదట బాగానే ఉండి పోనుపోను పెదవికీ మాటకూ పొంతన తప్పుతుంది.

ప్రసారానికి వెళ్లే మిక్స్ కాకుండా మైకుకో ట్రాకు చొప్పున వేరే రికార్డరులో దాచుకోవాలి. 24 బిట్, 48 కిలోహెర్ట్జ్ దగ్గర ఒక ట్రాకు గంటకు 520 ఎంబీ తీసుకుంటుంది. ఎనిమిది ట్రాకులు మూడు గంటలకు పన్నెండున్నర జీబీ. కార్డు దానికి రెట్టింపు ఉండేలా చూసుకోండి. కంప్యూటర్‌లో ఓబీఎస్ స్టూడియో అనే ప్రసార సాఫ్ట్‌వేరుతో రికార్డు చేసేవాళ్లు ఫైలును ఎంకేవీ ఫార్మాట్‌లో పెట్టుకోవాలి. మామూలు ఎంపీ4లో రికార్డు అవుతుండగా కంప్యూటర్ ఆగిపోతే ఫైలు మొత్తం తెరుచుకోకుండా పోతుంది. ఎంకేవీ అయితే ఆగిన క్షణం దాకా దక్కుతుంది, తర్వాత ఎంపీ4గా మార్చుకోవచ్చు.

పాచిక చప్పుడును మాత్రం పూర్తిగా చంపేయొద్దు. చూసేవాళ్లు ఊపిరి బిగబట్టేది దాని కోసమే. లోపల దళసరి గుడ్డ అతికించిన లోతు తక్కువ పళ్లెం ఒకటి, దాని పక్కన చిన్న మైకు ఒకటి పెట్టి, మిక్స్‌లో బాగా తగ్గించి ఉంచండి. గేమ్ మాస్టర్ మాట ఆపుతాడు. పాచిక పళ్లెం అంచుకు తగిలి, రెండు దొర్లులు దొర్లి, ఒక ముఖం మీద ఊగి నిలుస్తుంది. ఆ ఒకటిన్నర సెకను ఎవరూ మాట్లాడరు. ఏ నేపథ్య సంగీతమూ ఇవ్వలేని బిగువు అది. లోహపు పాచికలు మాత్రం వద్దు, వాటి మోత గుడ్డ మీద కూడా తగ్గదు. పైనుంచి చూసే కెమెరా ఉంటే, నిగనిగలాడే పాచికల మీద లైటు మెరిసి అంకె కనిపించదు. మెరుపు లేనివి, ముదురు రంగు మీద తెల్ల అంకెలున్నవి తీసుకోవాలి.

ఇక కెమెరా. సినిమావాళ్లకు వెనక మసకగా ఉండి ముఖం మాత్రం స్పష్టంగా ఉండే షాటు ఇష్టం. ఎఫ్ 1.8 దగ్గర తెరిచిన లెన్సుతో మూడు గంటల ఆట తీస్తే, ఆటగాడు కాగితం మీదకు వంగిన ప్రతిసారీ ఫోకస్ వెతుక్కుంటూ ఉంటుంది. ఎఫ్ 4 నుంచి 5.6 మధ్య పెట్టి, ఆ తగ్గిన వెలుతురును పెద్ద సాఫ్ట్ లైట్లతో పూడ్చుకోండి. ఎక్స్‌పోజర్, వైట్ బ్యాలెన్స్ రెండూ మాన్యువల్‌లో బిగించాలి. కరెంటు 50 హెర్ట్జ్ ఉన్నచోట షట్టర్ 1/50, 60 హెర్ట్జ్ ఉన్నచోట 1/60 పెడితే లైట్ల మినుకు పడదు. ఒక కెమెరా 24 ఫ్రేముల్లో, ఇంకొకటి 30లో ఉంటే కదలిక కుదుపుగా కనిపిస్తుంది. అన్నీ 30లో ఉంచండి.

స్టిల్ కెమెరాలను వాడేవాళ్లు నాలుగు సంగతులు ముందే చూసుకోవాలి. హెచ్‌డీఎంఐ నుంచి వచ్చే బొమ్మ మీద మెనూ అక్షరాలు లేకుండా వస్తోందా, దానంతటదే ఆరిపోయే టైమరు తీసేశారా, బ్యాటరీ బదులు కరెంటు అడాప్టర్ ఉందా, రెండో గంటలో వేడెక్కి ఆగిపోతోందా. పాత మోడళ్లు చాలావాటిలో లోపలి రికార్డింగు 29 నిమిషాల 59 సెకన్ల దగ్గర ఆగుతుంది, కాబట్టి కెమెరా కార్డునే నమ్ముకోవద్దు. వెబ్‌క్యామ్‌లు వాడితే మూడింటిని ఒకే యూఎస్‌బీ హబ్‌కు తగిలించొద్దు. యూఎస్‌బీ 2.0 దారి మొత్తం కలిపి సెకనుకు 480 మెగాబిట్లే. మూడోది తెరవగానే మొదటిది నల్లబడుతుంది, అది కెమెరా తప్పు అనుకుని జనం కెమెరా మారుస్తారు.

కెమెరా బొమ్మను కంప్యూటర్‌లోకి తెచ్చే క్యాప్చర్ కార్డు గుండా వచ్చే బొమ్మ ఎప్పుడూ శబ్దం కంటే కొంచెం వెనకబడుతుంది. క్లాప్ ఇక్కడ కూడా పనికొస్తుంది. చేతులు కలిసిన ఫ్రేముకూ, శబ్దం పడిన చోటుకూ మధ్య ఫ్రేములు లెక్కపెట్టండి. 30 ఫ్రేముల దగ్గర ఒక్కొక్కటి 33 మిల్లీసెకన్లు. మూడు ఫ్రేములు తేడా ఉంటే ఓబీఎస్‌లో మైకులకు 100 మిల్లీసెకన్ల ఆలస్యం ఇస్తే సరిపోతుంది. కెమెరాలన్నీ ఒకే మోడలైతే ఈ లెక్క ఒక్కసారి చేస్తే చాలు.

ఎవరిని ఎక్కడ కూర్చోబెట్టాలన్న దగ్గర దర్శకులు పొరపడటం ఎక్కువ. అందరి ముఖాలూ కెమెరాకు పడాలని బల్లకు ఒకే పక్కన వరుసగా కూర్చోబెడతారు. అప్పుడు ఆటగాళ్లకు ఒకరి ముఖం ఒకరికి కనపడదు. ఎవరు మాట్లాడబోతున్నారో మనుషులు పక్కవాళ్ల కళ్లలో, ఊపిరిలో చూసి తెలుసుకుంటారు. అది పోతే ఇద్దరిద్దరు ఒకేసారి మొదలుపెట్టి, ఒకేసారి ఆగి, ‘నువ్వు చెప్పు’, ‘కాదు నువ్వే చెప్పు’ అనుకుంటారు. గుర్రపు నాడా ఆకారంలో కూర్చోబెట్టి, తెరిచి ఉన్న వైపు కెమెరాలు పెట్టండి. మాట్లాడేవాళ్ల మీదకు కట్ చేస్తూ పోయే అలవాటును కూడా కాస్త పక్కన పెట్టాలి. స్క్రిప్టు లేదు కాబట్టి కెమెరాలు మార్చే మనిషి కట్ చేసేసరికి మాట అయిపోతుంది. ఈ ఆటలో బంగారమంతా వినేవాళ్ల ముఖాల్లో ఉంది. గేమ్ మాస్టర్ ‘ఆ ముసలాయన చేతికి మీ అమ్మ ఉంగరం ఉంది’ అన్నప్పుడు చూడాల్సింది ఆ ఆటగాడినే. అందరి ముఖాలూ తెర మీద ఒకేసారి కనిపించే అమరికే మామూలుగా ఉండాలి, సింగిల్ షాట్లు అప్పుడప్పుడు వాడాలి.

చీకటి గుహలా సెట్ వేసి, పొగ వదిలి, కొవ్వొత్తులు వెలిగించాలని ప్రతి దర్శకుడికీ ఉంటుంది. కెమెరా సెన్సార్‌కు అది అందంగానే కనిపిస్తుంది. కానీ లైవ్‌లో 1080పీ బొమ్మకు తరచూ దక్కేది సెకనుకు 6,000 కిలోబిట్ల చుట్టూనే. ఎప్పుడూ కదులుతుండే పొగను కుదించలేక ఎన్‌కోడర్ తన బిట్లన్నీ దాని మీదే ఖర్చుపెడుతుంది, ముఖాలు గళ్లు గళ్లుగా విరిగిపోతాయి. ముదురు నీడల్లో మెట్లు మెట్లుగా చారలు పడతాయి. పొగ మానేసి, వెనక గోడకు రంగు లైటు ఒకటి వేస్తే ఆ వాతావరణం సగం దక్కుతుంది. కీఫ్రేము (బొమ్మను పూర్తిగా పంపే ఫ్రేము) రెండు సెకన్లకు ఒకటి, బిట్‌రేటు (సెకనుకు పంపే బిట్లు) స్థిరంగా ఉంచండి. ఇంటర్నెట్ అప్‌లోడ్ వేగం పంపేదానికి రెట్టింపు ఉండాలి, అదీ వైఫై మీద కాకుండా తీగ మీద. మోడెమ్‌కు కూడా యూపీఎస్ పెట్టడం మరిచిపోతారు. కంప్యూటర్ వెలుగుతూనే ఉంటుంది, ప్రసారం మాత్రం ఆగిపోతుంది.

ఇంతవరకూ చెప్పినవి డబ్బుతో, ఓపికతో తీరేవి. ఆటలోకి దర్శకత్వం చొరబడితే మాత్రం తీరదు. సినిమా రాసిన చెయ్యి ముగింపును ముందే రాసుకుంటుంది. ఆటగాళ్లు ఎటు వెళ్లినా ఆ ముగింపుకే లాక్కొస్తే వాళ్లు అరగంటలో పసిగడతారు, చూసేవాళ్లు అంతకంటే ముందే పసిగడతారు. కథ రాయకుండా పరిస్థితిని రాయండి. మూడు చోట్లు, తలా ఒక కోరిక ఉన్న నలుగురు మనుషులు, ఎవరూ జోక్యం చేసుకోకపోతే ఏ గంటకు ఏమవుతుందో చెప్పే ఒక కాలపట్టిక. మూడు గంటలకు ఇది ఎక్కువే అవుతుంది. రెండు ఫలితాల్లో ఏది వచ్చినా ఆట ముందుకు సాగుతుందనుకున్నప్పుడే పాచిక వేయమనాలి. ఇరవై ముఖాల పాచిక మీద ఏ అంకె అయినా వంద సార్లలో ఐదు సార్లు పడుతుంది. మీ క్లైమాక్స్‌లో 1 పడటం వింత కాదు. పడ్డాక దాన్ని తెర చాటున మార్చి చెబితే ఆ ప్రదర్శన మీద నమ్మకం మళ్లీ రాదు. కెమెరా కింద అందరికీ కనపడేలా వేయడమే మంచిది.

మొదటి ప్రదర్శనలకు నలుగురు ఆటగాళ్లు చాలు. లెక్క చూడండి. ఆరుగురు తలా రెండు నిమిషాలు, శత్రువులకు మూడు నిమిషాలు తీసుకుంటే పోరాటంలో ఒక చుట్టు పదిహేను నిమిషాలు. నాలుగు చుట్లకు గంట. ఒక ఆటగాడు తన వంతు కోసం పదమూడు నిమిషాలు ఊరికే కూర్చుంటాడు, అది అతని ముఖంలో కనిపిస్తుంది. నియమాలు తక్కువున్న ఆటతో మొదలుపెట్టడం మేలు. రెండు ఆరు ముఖాల పాచికలు కలిపి వేసే పద్ధతి ఒకటుంది. 10 ఆపైన వస్తే పూర్తి విజయం, 7 నుంచి 9 అయితే ఏదో ఒకటి వదులుకుని విజయం, 6 లేక తక్కువైతే దెబ్బ. పాత్ర తరఫున ఆ మొత్తానికి 1 కలిస్తే మధ్య ఫలితం 36లో 16 సార్లు వస్తుంది. గెలిచి కూడా ఏదో పోగొట్టుకోవడం కంటే చూసేవాళ్లకు కావాల్సింది ఏముంది?

తెలుగులో ఆడేవాళ్ల చేతిలో ఒక గొప్ప పనిముట్టు ఉంది, చాలామంది వాడరు. స్నేహితులు బల్ల దగ్గర ఒకరినొకరు ‘నువ్వు’, ‘ఒరేయ్’ అనుకుంటారు. సేనాపతి పాత్ర పట్టుకున్న స్నేహితుణ్ని ‘తమరు సెలవిస్తే’ అనగానే అది పాత్ర మాట అని ఎవరూ చెప్పకుండానే తెలిసిపోతుంది. కోపం వచ్చి అదే పాత్ర ‘మీరు’ నుంచి ‘నువ్వు’లోకి దిగితే ఆ క్షణమే కథ మలుపు తిరుగుతుంది. ఎవరెవరిని ఏమని పిలుస్తారో ఆటకు ముందే అనుకోండి. అలాగని వర్ణన అంతా పౌరాణిక నాటకంలా సాగదీయొద్దు, మామూలు మాటల్లో చెబితేనే చెవికి ఎక్కుతుంది. ‘హిట్ పాయింట్లు’ (పాత్ర ఎంత దెబ్బ తట్టుకోగలదో చెప్పే అంకె), ‘ఇనిషియేటివ్’ (పోరాటంలో వంతుల వరుస) లాంటివి ఉన్నవి ఉన్నట్టే వాడండి. కొత్త మాట పుట్టిస్తే ప్రతిసారీ దాని అర్థం చెప్పుకోవాలి.

ఆటకు ముందు ఒక రోజు అందరూ కూర్చుని, ఏ సంగతులు ఆటలోకి అసలు రాకూడదో, ఏవి వచ్చినా వివరంగా చెప్పకుండా దాటేయాలో తేల్చుకోవాలి. ఆట మధ్యలో ఎవరికైనా ఇబ్బంది అనిపిస్తే మాట లేకుండా చూపగలిగే సైగ ఒకటి ఉండాలి. బల్ల మీద కార్డు తట్టడం చాలాచోట్ల వాడుకలో ఉంది. లైవ్‌లో దీనికి తోడుగా ప్రసారాన్ని పది సెకన్లు ఆలస్యంగా పంపుతూ, ‘చిన్న విరామం’ తెరను ఒక్క మీటతో పెట్టగల మనిషి ఉండాలి. నటులను తీసుకుంటే ఆ నటన ఎంతో మేలు చేస్తుంది, కానీ నియమాలు రానివాళ్లు ముఖం కాగితంలోంచి ఎత్తరు. ప్రసారం లేకుండా రెండుసార్లు ఆడించాకే కెమెరా ముందుకు తేవాలి.

కాగితాల పని గురించి. 2023 జనవరిలో లైసెన్సు మీద పెద్ద గొడవ జరిగాక డంజన్స్ అండ్ డ్రాగన్స్ మూల నియమాల పత్రం 5.1ను క్రియేటివ్ కామన్స్ అనే ఉచిత వాడకపు లైసెన్సు కిందకు తెచ్చారు. అందులో చెప్పిన వాక్యం వేసి ఎవరైనా వాడుకోవచ్చు. ఆ పత్రంలో లేని లోకాలు, పేర్లు మాత్రం ఇంకా ప్రచురణకర్తవే. సంగీతం దగ్గర సినిమావాళ్లు పొరపడతారు. ఫిల్మ్ ఫెస్టివల్ కోసం కొన్న లైసెన్సు లైవ్‌కు చెల్లకపోవచ్చు. లైవ్‌కు చెల్లినా తర్వాత దాచి ఉంచే వీడియోకు చెల్లకపోవచ్చు. రెండింటి పేర్లూ రాతలో ఉన్నాయో లేదో చూసుకోండి. ఇంకొకటి, సినిమా ఒప్పందంలో ‘సర్వహక్కులూ నిర్మాతవే’ అనే వాక్యం ఉంటుంది. ఇక్కడ పాత్రను పుట్టించేది, పెంచేది ఆటగాడే. రేపు ఆ పాత్ర యానిమేషన్‌గానో పుస్తకంగానో మారితే ఎవరికెంత అన్నది మొదటి ఆటకు ముందే రాసుకోవాలి.

ఇక ఆ రెండో దారి. మొదటి ఐదారు ప్రదర్శనలను లైవ్‌గా ఇవ్వకండి. లైవ్ అనుకునే, ఎక్కడా ఆపకుండా మూడు గంటలు ఆడి రికార్డు చేయండి. తర్వాత నియమాలు వెతుక్కున్న చోట్లు, లెక్కలు కూడుకున్న చోట్లు కోసేసి విడుదల చేయండి. ఎడిటింగ్ టేబుల్ దగ్గర దర్శకుడి చెయ్యి మళ్లీ పైచేయి అవుతుంది. అంతకంటే ముఖ్యంగా, వేడెక్కే కెమెరా, జారిపోయే సింక్, అలసిపోయే గేమ్ మాస్టర్ ఇవన్నీ రెండో గంట దాటాకే బయటపడతాయి. పది నిమిషాల టెస్టులో ఏదీ కనపడదు.

మీ సినిమా పేజీ సమీక్షకులకు ఒక మనవి. ఇలాంటి ప్రసారాన్ని సమీక్షించేటప్పుడు హెడ్‌ఫోన్ పెట్టుకుని, కళ్లు మూసుకుని పది నిమిషాలు వినండి. ఎవరు మాట్లాడుతున్నారో, వాక్యం చివర ఏమన్నారో తెలిసిందా లేదా అన్నది సమీక్షలో ఒక వాక్యంగానైనా రాయండి.

భవదీయులు,
టేబుల్‌టాప్ ఆటల ప్రసారాలకు శబ్దం, కెమెరా చూసే ఇద్దరు పాఠకులు